పెదనాన్న చూసొస్తేనే అమలు

"అయిపోయింది" అని ఎవరన్నా మా పెదనాన్న చచ్చినా నమ్మడు. తన కళ్లతో చూడాలి. నలభై ఏళ్లు వకీలు గుమాస్తాగా చేస్తే అబ్బిన జబ్బది.

పెద్దమ్మ "స్టవ్ కట్టేశానండీ" అంటే వంటింట్లోకెళ్లి చూసొచ్చేవాడు. ఓసారి పళ్ల డాక్టరు పన్ను పీకి, అయిపోయిందన్నాడు. "ఏదీ, చూపించండి" అన్నాడు నోటినిండా దూదితో. చూపిస్తే, "ఇది నాదేనా?" అని అడిగాడు.

నేను వకీలునై ఆయన పనిచేసే వకీలాఫీసులోనే చేరాక నా పరువూ ఆయన చేతిలో పడింది. నా మొదటి కేసు ఓ సర్కారు ఆఫీసులో క్లర్కమ్మది. చిన్నప్పుడే కాలు చచ్చుబడి ఊతకర్రతో నడుస్తుంది. సీటేమో మేడ మీద. నెలలోగా కిందికి మార్చమని కోర్టు ఆర్డరిచ్చింది. మార్చేశామని ఆవిడ ఆఫీసరు కబురు పెట్టాడు. నేను ఎగిరి గంతేశాను.

"చూసొస్తా" అన్నాడు పెదనాన్న.

"అంత ఆఫీసరు చెప్పాక ఇంకా ఏం చూస్తావు?"

"కుర్చీ."

చూసొచ్చాడు. కుర్చీ కిందికి దిగిందట. ఫైళ్ల బీరువాలు మాత్రం మేడ మీదే ఉన్నాయట. ఫైలు కావాల్సినప్పుడల్లా ఆవిడ మెట్లెక్కాల్సిందే. నాకు ఒళ్లు మండిపోయింది. కోర్టు ధిక్కారం కేసు వేశాం. వాయిదాల మీద వాయిదాలతో అయిదు నెలలు సాగింది. ఆ అయిదు నెలలూ పెదనాన్న రోజూ భోజనాల వేళకి "చూసొస్తా" అంటూ మాయమయ్యేవాడు.

"రోజూ ఏం చూస్తావు? బీరువాలు నడిచి దిగొస్తాయా?" అని విసుక్కునేదాన్ని.

విచారణ రోజు ఆఫీసరు చొక్కా ఇస్త్రీ నలగకుండా వచ్చాడు. "సీటు మార్చేశాం సార్. ఆర్డరు అమలైపోయింది."

జడ్జిగారు కేసు మూసేయబోయారు. మూసేస్తే క్లర్కమ్మకి జన్మంతా ఆ మెట్లే గతి. నేను లేచాను. "కుర్చీ ఒక్కటే దిగింది సార్. ఆవిడ పనంతా మేడ మీదే ఉంది."

"నిజమేనా?" అన్నారు జడ్జిగారు. "బీరువాలు బాగా బరువు సార్..." అని నసిగాడు ఆఫీసరు.

"నాలుగింటికల్లా బీరువాలు కిందికి రావాలి. లేకపోతే జైలుకి పంపుతాను. అంతవరకు మీరిక్కడే కూర్చోండి!"

మూడున్నరకే ఆఫీసరు చెమట తుడుచుకుంటూ లేచాడు. "కబురొచ్చింది సార్. అయిపోయింది."

"చూడాలి" అంది నా వెనకనుంచి ఓ గొంతు. కోర్టంతా ఇటు తిరిగింది. నేను సిగ్గుతో చచ్చిపోయాను.

"ఎవరాయన?"

"మా గుమాస్తా సార్... మా పెదనాన్న."

జడ్జిగారు నవ్వారు. "అయితే మీరే వెళ్లి చూసి రండి. అప్పుడే సంతకం పెడతాను."

నలభై ఏళ్ల జబ్బుకి ఏకంగా కోర్టు ఆర్డరు! పెదనాన్న రొమ్ము విరుచుకుని బయల్దేరాడు. నేను వెనకాలే పరుగు.

బీరువాలు కిందే ఉన్నాయి. క్లర్కమ్మ ముఖం వెలిగిపోతోంది. "ఇక మీ పెదనాన్నగారికి తిప్పలు తప్పాయమ్మా! ఇన్నాళ్లూ రోజూ మధ్యాహ్నం వచ్చి ఫైళ్లన్నీ మోసుకొచ్చి పెట్టింది ఆయనేగా!"

నేను నోరెళ్లబెట్టాను. "చూడ్డానికే వెళ్తున్నానన్నావు కదా పెదనాన్నా?"

"ఆవిడ మెట్లెక్కుతుంటే చూస్తూ కూర్చోమంటావా?" అని కసిరి, ఆవిడ వైపు తిరిగాడు. "ఏదమ్మా, ఓ ఫైలు తియ్యి."

కూర్చున్నచోటే చెయ్యి చాచి తీసింది.

"ఇంకోటి."

అదీ తీసింది. ఇద్దరూ చిన్నపిల్లల్లా నవ్వుతున్నారు.

"అవతల జడ్జిగారు ఎదురుచూస్తున్నారు పెదనాన్నా!"

"చూడనీ. ఇంకోటి తియ్యమ్మా."