ఫ్రెంచి ముసలాయన సినిమాలో నా నడక

సౌదీలోని ఉనైజాలో ఒక ఖర్జూర తోటకు నీళ్లు పారించడం నా పని. వచ్చి మూడేళ్లు దాటినా ఊరికి పోలేదు. ఊరికి పోయేందుకు చుట్టీ అడిగినప్పుడల్లా తోట యజమాని, నా వీసా చేతిలో పెట్టుకున్న మా కఫీల్, ఈ పంట దిగనీ అనేవాడు. ఖర్జూరం ఏడాదికి ఒకసారే కాస్తుంది గానీ ఆయన మాట ఏడాది పొడవునా కాసేది.

ఆ చలికాలం ఒక ఫ్రెంచి ముసలాయన మా తోటలో సినిమా తీయడానికి వచ్చాడు. మొదటి సాయంత్రం ఎండ మట్టల సందుల్లోంచి పొడిపొడిగా రాలుతోంది. అందరూ ఊపిరి బిగబట్టి ఉన్నారు. ఆయన గట్టిగా "మోతర్" అన్నాడు. నేను ఉరికి వెళ్లి మోటరు వేశాను. కాలువలో నీళ్లు దుమికి ఆయన బూట్లు మునిగాయి. కెమెరా నడపమనడానికి వాళ్లు ఆ మాటే అంటారట, నాకేం తెలుసు? నా పని అయిపోయిందనుకున్నాను. ఆయన మాత్రం నీళ్లలోనే నిలబడి నవ్వాడు.

తర్వాత రోజూ నా పక్కన గట్టు మీద కూర్చునేవాడు. వాళ్ల బండి నడిపే హైదరాబాదీ మాకు దుబాసీ. ముసలాయన ఏళ్ల తరబడి ఇతరుల సినిమాలకు కెమెరా పట్టి, తర్వాత సొంతంగా తీశాడట. ఇప్పుడు చేతులు వణుకుతున్నాయని కెమెరా ఇంకొకరికిచ్చి తానే ముందు నిలబడుతున్నాడు. ఇందులో ఆయనది తోట పనివాడి వేషం. చివర్లో ఊరికి పోవాలి. ఎన్నిసార్లు నడిచినా షికారుకు పోయినట్టే ఉంది. ఆ మాట దాచకుండా చెప్పేశాను.

"అయితే నువ్వెట్ల పోతవో చూపియ్యమంటున్నడు," అన్నాడు హైదరాబాదీ.

సంచి భుజాన వేసుకుని గేటు వైపు నడిచాను. పది అడుగులకే తోట మాయమైంది. కాళ్లకు బరువు లేదు. బస్సు దిగి మా ఊరి మక్కచేన్ల పక్క బాట పట్టినట్టే ఉంది, ఎవరూ ఆపడం లేదు. గేటు చేతికి తగిలాక గానీ తెలివి రాలేదు. తిరిగి చూస్తే కెమెరా నడుస్తూనే ఉంది, ముసలాయన కళ్లు తుడుచుకుంటున్నాడు. తన నడక తీసేసి, వెనక నుంచి కనబడే నా నడకే పెట్టుకుంటానన్నాడు. సంబరపడ్డాను, అబద్ధమెందుకు.

హైదరాబాదీ ఆ ముక్క నా ఫోనుకు పంపితే నేను ఇంటికి పంపాను. మర్నాడు నా భార్య ఫోన్ చేసింది. నేను వచ్చేటప్పుడు కడుపులో ఉన్న బిడ్డకు ఇప్పుడు మూడేళ్లు. ఆ నడిచేది బాపే అని చూపిస్తే, బాపు ఇంటికొస్తుండని వాకిట్లోకి ఉరికిందట.

"ఇంకా వాకిట్లనే నిలవడ్డది. పిలిస్తే లోపటికొస్తలేదు. ఏం జెప్పమంటవు?"