పురిటిగది పక్కన డ్రయ్యర్

చెల్లి పురిటికి వచ్చిన నెలంతా మా గరివిడిలో ముసురే. పిల్ల పుట్టి వారం తిరిగేసరికి ఇంట్లో పొత్తిగుడ్డలు ఆరేసే చోటు లేకుండా పోయింది. కిటికీ ఊచలకి, కుర్చీల వీపుల మీద, చివరికి నా బండి హ్యాండిల్ మీద కూడా తడిగుడ్డలే. ఒక గుడ్డకి ముక్కిపోయిన వాసన వస్తోందని అమ్మ ముఖం చిట్లించిన సాయంత్రమే డ్రయ్యర్ కొనాలని నిర్ణయించుకున్నాను.

నేను చదివింది ఎలక్ట్రికల్ డిప్లొమా, చేసేది ఫ్యాక్టరీలో మెయింటెనెన్స్. అందుకని మెషిన్ ఎవరిచేతా పెట్టించలేదు, నేనే పెట్టాను. బట్టల్ని తిప్పుతూ వేడిగాలితో ఆరబెట్టే రకం అది. ఆ తడిగాలి వెనకున్న గొట్టంలోంచి బయటికి పోవాలి. పురిటిగదికి ఆనుకున్న వసారాలో మెషిన్ పెట్టి, గోడకి నాలుగంగుళాల కన్నం చేసి, గొట్టం మూతిని పెరట్లోకి వదిలాను. దానికి వేరే లైను, వేరే ట్రిప్ స్విచ్చు, తగిన మందం వైరు వేశాను. మెషిన్ మీద ఒక కాగితం అంటించాను: సగానికి మించి నింపకూడదు, ప్రతిసారీ జల్లెడలో పేరుకున్న బట్టల నూగు తియ్యాలి, నూనె గుడ్డలు వెయ్యకూడదు, తిరుగుతున్నంతసేపూ ఇంట్లో మనిషి ఉండాలి.

అమ్మ నాలుగూ పాటించింది. తీసిన నూగుని నాకోసం దాచి మరీ చూపించేది.

"ఇదిగో, పిల్లి బొచ్చులాగున్నాది. సూసుకో. మళ్లీ తియ్యనేదంటావు."

ఇంట్లో అమ్మా నేనే ఉంటాం కాబట్టి పురిటిగది వ్యవహారం పూర్తిగా అమ్మదే. బాలింతకి, పసిపిల్లకి గాలి తగలకూడదు. కిటికీలు మూసేసింది. చెల్లి చెవుల్లో దూది, తలకి గుడ్డ, తలుపు కింద సందులో మడతపెట్టిన గోనె. రెండు పూటలా కుంపట్లో నిప్పుల మీద సాంబ్రాణి. ఆ ఇరవై రోజులూ మా ఇంట్లో ఏదో ఒకటి కాలుతున్న వాసన ఉంటూనే ఉండేది.

పద్దెనిమిదో రోజు సాయంత్రం చెల్లి గదిలోంచి కేకేసింది.

"అన్నియ్యా, ఏటో మాడిన వాసనొస్తంది. సాంబ్రాణి కాదు."

"ఏ రకం వాసన? రబ్బరా, ప్లాస్టిక్కా, గుడ్డా?"

"నానేటి ఇన్‌స్పెక్టర్నా? మాడిన వాసన. ఎల్లి సూడు."

చూశాను. ప్లగ్గు మీద చెయ్యి పెట్టాను, చల్లగా ఉంది. వైరు మెత్తబడలేదు. జల్లెడ శుభ్రంగా ఉంది. కొత్త మెషిన్‌కి బెల్టు వాసన కొన్నాళ్లుంటుందని, మిగిలింది కుంపటిదని చెప్పాను. అప్పుడే అమ్మ, "ఈమజ్జిన ఒక్కపాలి తిప్పితే ఆరట్నేదురా, రెండుపాళ్లు తిప్పుతన్నాను" అంది. ముసురు కదా, గాలిలోనే తేమ ఉంటుందన్నాను. ఆ రెండు మాటల్నీ పక్కపక్కన పెట్టుకుని చూసినా అర్థమయ్యేది. నేను దేనికి దానికి విడిగా జవాబు చెప్పేసి టీ తాగాను.

మర్నాడు మొదటి షిఫ్టు దిగి రెండున్నరకి ఇంటికొచ్చాను. గేటు తీస్తుండగానే వాసన ముక్కుకి కొట్టింది. ఇస్త్రీపెట్టె కింద చొక్కాని మర్చిపోతే వచ్చే వాసన. వసారాలో మెషిన్ ఇంకా తిరుగుతోంది. దాని వెనకనుంచి బూడిదరంగు పొగ లేచి, పురిటిగది తలుపు పైసందులోంచి లోపలికి పోతోంది. అమ్మ వంటింట్లో బాలింత పథ్యానికి వెల్లుల్లి వేయిస్తోంది.

ట్రిప్ స్విచ్చు దించాను. డ్రమ్ము ఆగింది. పొగ ఆగలేదు. ఇలాంటప్పుడు మెషిన్ తలుపు తియ్యకూడదు, తీస్తే లోపల రాజుకుంటున్నదానికి గాలి అందుతుంది. ఆ సంగతి ఫ్యాక్టరీలో కొత్తవాళ్లకి నేనే చెబుతాను. అయినా నా చెయ్యి ఆ తలుపు మీదికే వెళ్లింది. వెనక్కి తీసుకున్నాను. పురిటిగది తలుపు తోస్తే గోనె అడ్డుపడి కదల్లేదు. రెండోసారి భుజంతో తోశాను. లోపల ఇద్దరూ నిద్రపోతున్నారు. కప్పు కింద పొగ తెరలా పరుచుకుని ఉంది.

"లే. పిల్లని తీసుకుని బయటికి నడు."

అమ్మ గరిటెతోనే వచ్చి గుమ్మానికి అడ్డంగా నిలబడింది.

"పచ్చి బాలింతరా! బయట ఈదురుగాలి. నీకేటి, మతి పోనాదా?"

"పొగమ్మా!"

"పొగ రోజూ ఏస్తన్నాం గదరా. పొగకేటి బయం?"

"ఇది ఆ పొగ కాదు."

చెల్లి దగ్గింది. ఇంకెవరి మాటా వినలేదు. పిల్లని కొంగులో చుట్టుకుని, "తప్పుకోయే అమ్మా" అంటూ అమ్మని భుజంతో నెట్టి, చెవుల్లో దూదితోనే వానలోకి దిగింది. ఎదురింటి అరుగెక్కేదాకా ఆగలేదు. ఆ ఇంటామె, "ఓలమ్మ, ఓలమ్మ, లోపలికి రాయే" అని పిల్లని అందుకోవడం మా గుమ్మంలోంచి చూశాను.

ఎదురింటాయన, నేనూ కలిసి మెషిన్‌ని పెరట్లోకి ఈడ్చాం. పొగ పూర్తిగా తగ్గి, రేకు చల్లబడ్డాక వెనకమూత విప్పాను. హీటరు చుట్టూ పేరుకున్న నూగు మసై ఉంది. డ్రమ్ములో గుడ్డలు అంచుల్లో గోధుమరంగుకి తిరిగాయి. అప్పుడు గోడవైపు చూశాను. గొట్టం మూతి కనబడలేదు. అక్కడ పాత లుంగీ ముక్క, ఉండ చుట్టి గట్టిగా కుక్కి ఉంది.

"ఇదెవరు పెట్టారు?"

"నానే" అంది అమ్మ. "ఆ కన్నంలోంచి పిల్ల మీదికి గాలొస్తందని వారం కిందట కుక్కినాను. తప్పేటున్నాది? నీ కాయితంలో కన్నం మాట నేదు గదా."

నిజమే, లేదు. ఆ గొట్టం ఎందుకో ఇంట్లో ఎవరికీ చెప్పాలని నాకు తోచలేదు. అది గాలి లోపలికి వచ్చే దారి కాదని, బయటికి పోయే దారి అని, మూస్తే వేడి లోపలే నిలిచి నూగు అంటుకుంటుందని అప్పుడు చెప్పాను. అమ్మ లుంగీ ముక్కని చేతిలోకి తీసుకుంది. మెషిన్ వైపు చూసింది, పురిటిగది గోడ వైపు చూసింది. తడినేల మీద అలాగే కూర్చుండిపోయింది.

"నిన్న నాకూ అనుమానమేసినాదిరా. నువ్వు సూసి ఏటీ నేదన్నావని ఊరుకున్నాను."

 

పిల్లని ఆటోలో పిల్లల డాక్టరు దగ్గరికి తీసుకెళ్లాం. ఛాతీ విని, బాగానే ఉందన్నారు. రేపటిదాకా కనిపెట్టి ఉండమని, ఊపిరి నిమిషానికి అరవై దాటినా, పక్కటెముకల కింద లోపలికి లాగుతున్నట్టున్నా వెంటనే తెమ్మని చెప్పారు. మా ఇంట్లో పొగ వాసన పోలేదని ఆ రోజుకి తల్లీపిల్లలకి ఎదురింట్లోనే పక్క వేశారు. తిరిగి రాగానే పిల్ల పక్కన కూర్చుని ఫోన్‌లో నిమిషం పెట్టుకుని ఊపిరి లెక్కపెట్టాను. నలభై ఎనిమిది. మళ్లీ పెట్టాను. నలభై ఎనిమిదే. పక్కటెముకల కింద లాగడం లేదు.

"నలభై ఎనిమిది. మామూలే, భయం లేదు" అన్నాను.

చెల్లి పిల్ల మీదనుంచి చూపు తిప్పలేదు.

"నిన్న కూడా ఇలాగే సెప్పినావు అన్నియ్యా. ఆశా అక్కని పిలుసుకురా. ఆవిడ సెప్పాల."

గొంతులో కోపం లేదు. వానలో నాలుగు వీధులు నడిచి, వారం వారం వచ్చి పిల్లని తూచి వెళ్లే ఆశా కార్యకర్తని తీసుకొచ్చాను. ఆవిడ చేతులు తుడుచుకుని, పిల్ల చొక్కా పైకెత్తి, గడియారం చూస్తూ పెదాలతో లెక్కపెట్టింది. ఆ నిమిషమంతా చెల్లి ఆవిడ ముఖాన్నే చూస్తూ కూర్చుంది.

"నలబై ఎనిమిది. బాగున్నాదమ్మా" అంది ఆవిడ.

నేను చెప్పిన అంకే. ఆవిడ నోటినుంచి విన్నాకే చెల్లి దిండు మీదికి వాలింది.