ఏడిస్తే వచ్చే పురుగు

మా పాప పుట్టిన తొమ్మిదో రోజు దవాఖానలోనే పోయింది. పుట్టినప్పటి నుంచీ అద్దాల పెట్టెలోనే ఉంచారు. ఫోటో తియ్యాలన్న ఆలోచన మా ఇద్దరికీ రాలేదు. ఇంటికి తీసుకుపోయాక తీసుకోవచ్చు అనుకున్నాం కావచ్చు.

నేను గోదావరిఖనిలో బొగ్గుబాయి పని చేస్తాను. భూమి లోపల ఊరే నీళ్లను బయటికి తోడే పంపు దగ్గర నా డ్యూటీ. దినాలు కాగానే పనిలోకి పోయాను. నా భార్య క్వార్టర్‌లో ఒక్కతే ఉండేది. రోజంతా ఏడ్చేది.

పాప పోయిన మూడో నెలలో ఒకరోజు మొదటి షిఫ్టు దిగి వచ్చి అన్నం ముందు కూర్చున్నాను.

"ఇగో, నీకొకటి చెప్పాలె," అంది నా భార్య. "మనింట్ల ఒక పురుగున్నది."

"చెదపురుగా?"

"కాదు. నేను ఏడ్సినప్పుడే వస్తది. మెడ మీద వాల్తది. ఏడుపంత తాగి పోతది. అది పోయినంక నాకు పాప మొఖం యాదికొస్తలేదు."

నవ్వాను. ఇప్పటికీ ఆ నవ్వు తలచుకుంటే సిగ్గేస్తుంది. ఆమె చప్పున మెడ మీద చెయ్యి పెట్టుకుంది.

"నవ్వకు. నవ్వినా వస్తది."

ఆ రోజుతో ఆమె ఏడుపు మానేసింది. చూసినవాళ్లు కోలుకుందన్నారు. నేనూ అదే నమ్మాను. కానీ తర్వాత టీవీ పెట్టనిచ్చేది కాదు. ఫోన్‌లో నేను కొంచెం గట్టిగా మాట్లాడినా భయంతో చుట్టూ చూసేది. చుట్టాలను రావద్దంది. మూలమూలకూ పురుగుల మందు చల్లింది, పొద్దూ మాపూ వేపాకు పొగ వేసింది. మెడ గోక్కుని గోక్కుని పుండు చేసుకుంది. ఒకసారి అగ్గిపెట్టె తెచ్చి నా చేతిలో పెట్టింది. అందులో చిన్న దారప్పోగు, చర్మం పొట్టు, బొగ్గు నలుసు ఉన్నాయి.

"ఇగో కాలు. ఇది రెక్క. కనిపిస్తున్నదా?"

అగ్గిపెట్టె మూసి తిరిగి ఇచ్చేశాను.

ఆ ఇంట్లో ఏడవడానికి లేదు కాబట్టి నేను బాయిలో ఏడ్చేవాణ్ని. పంపు మోతలో ఎవరికీ వినపడదు. మొహం తుడుచుకుని పైకి వచ్చి, ఏ భావమూ లేకుండా గుమ్మంలో అడుగు పెట్టేవాణ్ని.

పక్క క్వార్టర్‌లో ఒక ముస్లిం కుటుంబం ఉండేది. ఆ ఇంటి అక్క నా భార్యకు రోజూ ఏదో ఒకటి వండి తెచ్చేది. ఆమె ఒకరోజు నన్ను గోడ దగ్గరికి పిలిచింది.

"తమ్మీ, పురుగు ఉన్నదనే చెప్పు. చంపిన్నని చెప్పు. ఫికర్ తగ్గుతదేమో."

ఆ సాయంత్రం నా భార్య భుజం మీద తట్టి, "చంపిన," అన్నాను.

ఆమె తిరిగి చూసింది. ఎన్నో నెలల తర్వాత ఆ కళ్లలో ఆశ కనిపించింది.

"ఏ రంగుల ఉన్నది?"

"నల్లగ."

చాలాసేపు నా మొహంలోకే చూసింది. "నల్లగుండదు," అంది. "నీకు కనిపియ్యలే. నువ్వు గూడ నన్ను పిచ్చిదాని లెక్కనే చూస్తున్నవ్."

ఆ తర్వాత నాతో మాట్లాడలేదు. వారం తిరక్కుండానే పురుగు చావాలని మెడ మీద కిరసనాయిలు పోసుకుంది. డ్యూటీ నుంచి వచ్చేసరికి చర్మం బొబ్బలెక్కి, ఆమె గోడకు ఆనుకుని కూర్చుని ఉంది. పక్కింటి అక్క తడిబట్ట వేస్తూ, "జల్ది ఆటో పిలువు," అని అరిచింది.

బొబ్బలకు కట్లు కట్టినవాళ్లే మానసిక వైద్యుడికి చూపించమన్నారు. పెద్దపల్లి మీదుగా కరీంనగర్ పోయాం. డాక్టర్ పెద్దాయన. అగ్గిపెట్టెలోవన్నీ కాగితం మీద పోసి భూతద్దంతో ఒక్కొక్కటే చూశాడు.

"నాకైతే ఇందుల పురుగు కనిపిస్తలేదమ్మా," అన్నాడు. "గాని నీ బాధ కనిపిస్తున్నది. పాప ఎట్లుండేది?"

ఆమె నోరు తెరిచింది. మళ్లీ మూసుకుని మెడ మీది కట్టు తడుముకుంది.

"కుడి చెవి కొంచెం మడత పడుండె," అన్నాను. పాప గురించి అంతకుముందు ఎవరితోనూ నేనొక్క మాట మాట్లాడలేదు.

"కుడిది కాదు," అంది నా భార్య. "ఎడమది."

అని ఏడ్చింది. ఒక చెయ్యి కట్టు మీద అదిమి పెట్టుకునే ఏడ్చింది. నేనూ ఆపుకోలేకపోయాను. డాక్టర్ లేచి ఫ్యాన్ వేసి, కిటికీ దగ్గర నిలబడ్డాడు.

దాంతో అంతా బాగైపోలేదు. మందులు మొదలయ్యాక కూడా కొన్ని నెలలు పురుగు వస్తూనే ఉందంది. తర్వాత రావడం లేదంది. నాకు ధైర్యం వచ్చింది. అంతలోనే గోలీలు వేసుకోవడం మానేసింది.

"ఎందుకు బంద్ చేసినవే?"

"ఏస్కుంటే ఏడుపొస్తలేదు. పాప మీద ఏడుపు గూడ రాకపోతే నేనేం తల్లిని?"

డాక్టర్‌కు అదే మాట చెబితే మోతాదు తగ్గించాడు. ఇప్పుడు కొన్ని రోజులు బాగుంటుంది, కొన్ని రోజులు బాగుండదు. బాగుండని రోజు నేను డ్యూటీకి నాగా పెడతాను. ఇద్దరం ముందు గదిలో కూర్చుంటాం. "పాప గురించి చెప్పు," అంటుంది. నాకు తెలిసింది కొంచెమే. చెప్పిందే మళ్లీ చెబుతాను.