ఆరో అధ్యాయంలో కిబుథు చూపు

కరాటినా సంతలో చిక్కుడు గింజలమ్మే న్యాగుథీకి ఎవరి మాటా ఓ పట్టాన నమ్మబుద్ధి కాదు. పాస్టరు ప్రార్థనకి కళ్లు మూసుకోమంటే ఒక కన్ను తెరిచే ఉంచుతుంది. ఆమెను తప్పుపట్టడానికి లేదు. ఇరవై ఏళ్ల కిందట, తెల్లవాళ్ల మీద అడవిలో పోరు సాగుతున్న రోజుల్లో, సిపాయిలు ఊరి మగాళ్లందరినీ మైదానంలో కూర్చోబెట్టారు. వాళ్లను ఒక్కొక్కరినే ఒక మనిషి ముందుకు నడిపించారు. ఆ మనిషి ఒళ్లంతా గోనె, కళ్ల దగ్గర రెండు కన్నాలు. వాడు తల ఊపితే ఎదురుగా ఉన్నవాడి పని అయిపోయినట్టే. న్యాగుథీ భర్త కిబుథు వంతు వచ్చినప్పుడు గోనె ఊగింది. ఆమెకు శవాన్ని కూడా ఇవ్వలేదు. ఆ గోనెలో ఉన్నదెవరో తెలుసుకోకుండా చావకూడదన్నది అప్పటినుంచీ ఆమె పంతం.

కిబుథు నేస్తం గథుంగు ఇప్పుడు మంత్రి. స్వాతంత్ర్య పోరాటం గురించి ఆత్మకథ రాశాడు. ఆవిష్కరణ సభలో అమరుడి భార్య వేదిక మీద ఉండాలంటూ ఒక ప్రతి ముందే పంపాడు. బడిపంతులమ్మగా పనిచేసే కూతురు ముగురే అందులో ఆరో అధ్యాయం చదివి వినిపించింది.

"'నేనూ మగాళ్ల వరసలోనే ఉన్నాను. గోనె ముందు నిలబడి కిబుథు నా కళ్లలోకి చూసిన చూపు ఈనాటికీ మరవలేను.'"

"మళ్లీ చదువు."

మూడోసారికి ముగురే విసుక్కుంది. "ఎంత బాగా రాశాడమ్మా! ఇంకా ఏంటి నీ అనుమానం?"

"మీ నాన్న వరసకి వీపు పెట్టి నిలబడ్డాడే. కంచె ఇవతల నుంచి నేను చూసిందీ ఆ వీపే."

శనివారం గథుంగు స్వయంగా వచ్చాడు. టీ తాగుతూ, "వదినా, వాడి ఫోటో ఏదైనా ఉంటే ఇవ్వు, సభలో పెడదాం" అన్నాడు.

"ఇస్తాలే మరిదీ. ఆ రోజు నువ్వెక్కడున్నావు?"

"వరసలోనే. ఇంకెక్కడుంటా?"

"మరి ఆయన కళ్లు నీకెలా కనపడ్డాయి?"

గథుంగు ముగురే చేతిలోని పుస్తకం వంక చూశాడు. చివరికి గొంతు తగ్గించి, "గోనెలో ఎవడున్నా ప్రాణభయంతోనే ఊపి ఉంటాడు వదినా" అన్నాడు.

"గోనె మాట నేనెత్తలేదే!"

మంత్రి గబుక్కున లేవబోయాడు. న్యాగుథీ గుండె మండిపోతోంది, అయినా చెయ్యి అడ్డం పెట్టింది.

"కూర్చో. ఆఖరిసారి ఆయన మొహం ఎలా ఉందో చెప్పి వెళ్లు. చూసినవాడివి నువ్వొక్కడివే."