సెనేటర్ ఆంటీ వందన సమర్పణ

సింగపూర్ జురాంగ్ ఈస్ట్‌లో మా పక్క ఫ్లాట్ సుభద్ర ఆంటీది. తెలిసినవాళ్ళంతా ఆవిడని సెనేటర్ ఆంటీ అంటారు. ఆ పేరు పెట్టింది ఆవిడ భర్త సాంబశివరావు అంకుల్, అదీ వెక్కిరింతకి.

పెళ్ళికి ముందు ఆంటీ వాల్తేరులో చరిత్ర ఎం.ఏ. చదివింది. తోటివాళ్ళు శాతవాహనులనో కాకతీయులనో పట్టుకుంటే, ఈవిడ మాత్రం వందేళ్ళ కిందటి ఒక అమెరికా సెనేటర్ మీద వ్యాసం రాసింది. ఆ రోజుల్లో అక్కడ సెనేటర్లని జనం ఎన్నుకునేవారు కాదట. రాష్ట్రాల శాసనసభల్లో పెద్దలే తేల్చేసేవారట. కాదు, జనమే ఓటెయ్యాలని పోరాడినవాళ్ళలో ఈయనొకడు. నచ్చని బిల్లు వస్తే లేచి మాట్లాడటం మొదలుపెట్టేవాడు. లేచినవాణ్ణి కూర్చోబెట్టే పద్ధతి అప్పటి సెనేట్‌లో లేదు, అతను కూర్చునేదాకా ఓటింగూ ఉండదు. కాళ్ళు పీకినా, గొంతు ఎండినా ఆపేవాడు కాదు. పెళ్ళిచూపుల్లో ఇదంతా వివరంగా చెప్పిందట మహాతల్లి. "నీకూ ఆయనకీ ఏం చుట్టరికం?" అని అంకుల్ నవ్వారట. అప్పట్నుంచి ఇంట్లో "సెనేటర్ గారూ, కాఫీ" అనే పిలుపే.

అంకుల్‌కి ఇక్కడి షిప్‌యార్డులో ఇంజనీరు ఉద్యోగం. ఆంటీ చదువు అటకెక్కింది. పిల్లలకి ట్యూషన్లు, స్నేహవల్లి తెలుగు సంఘానికి పులిహోర, అంతే. ఒక ఉగాదికి ఆవిడ ఒక సంగతి గమనించింది. పొద్దున్నే వచ్చి హాలంతా కుర్చీలు వేసిన షిప్‌యార్డు డార్మిటరీల్లో ఉండే కూలి కుర్రాళ్ళు ప్రోగ్రాం అయ్యేదాకా గోడకి ఆనుకుని నిలబడే ఉన్నారు. "కుర్చీలు వేసినవాళ్ళు నిలబడటమేమిటి?" అని అక్కడే దెబ్బలాడింది. ఎంత దెబ్బలాడిందంటే, మరుసటి ఉగాదికి వాళ్ళంతా సభ్యులయ్యారు, ఓటు హక్కుతో సహా. శ్రీకాకుళం వైపు నుంచి వచ్చిన వెల్డర్ దానయ్య వాళ్ళకి పెద్దదిక్కు.

కిందటేడు తిరుమలేష్ అధ్యక్షుడయ్యాడు. బ్యాంకు మనిషి, మాట మృదువు, చొక్కా నలగదు. వచ్చీ రాగానే ఒక తీర్మానం తెచ్చాడు. వర్క్ పర్మిట్ మీద ఉన్నవాళ్ళు, అంటే దానయ్య లాంటి కూలీలు, ఇకపై సభ్యులు కారు, "గౌరవ అతిథులు". గౌరవం వాళ్ళకి, ఓటు మనకి! నాకైతే ఒళ్ళు మండిపోయింది. పైగా ఓటింగ్ పెట్టింది ఆదివారం మధ్యాహ్నం, యార్డులో ఓవర్‌టైం ఉన్న రోజున.

దానయ్య ఆంటీకి ఫోన్ చేశాడు. "అమ్మా, ఆ యేలకి మేం రానేం. డ్యూటీ దిగి లారీ ఎక్కీసరికి సాయంత్రం అయిపోద్ది."

"మీరొచ్చేదాకా ఓటు పడదు. ఎంత ఆలస్యమైనా రండి" అంది ఆంటీ.

ఎలా ఆపుతారని నేను అడిగితే, "ఎం.ఏ. ఊరికే చదివానా అరుణా?" అంది.

మన సభల్లో ఆడవాళ్ళకి దక్కేవి రెండే పనులు: మొదట ప్రార్థన, చివర వందన సమర్పణ. ఆ రెండోది ఎప్పుడూ ఆంటీదే. జురాంగ్ వెస్ట్‌లో అద్దె హాలు. ఆవిడ అందరికంటే ముందే వెళ్ళి, వెనక వరసల కుర్చీల మీద టిష్యూ ప్యాకెట్లు పెట్టి చోప్ చేసేసింది, అంటే మన బస్సు సీట్లో తువ్వాలు వేసినట్టు. ఈ ఊళ్ళో టిష్యూ ప్యాకెట్ ఉన్న కుర్చీలో కూర్చునే ధైర్యం ఎవరికుంది? తర్వాత తిరుమలేష్ దగ్గరికెళ్ళి, "ఓటింగ్ అయ్యాక అందరూ బిర్యానీ మీద పడతారు బాబూ. ధన్యవాదాలు ముందే చెప్పేస్తాను" అంది. నిజమే కదా అని అతను మైకు ఇచ్చాడు. కొరివితో తల గోక్కోవడమంటే అదే.

హాలు మాట్లాడిన వారితో మొదలుపెట్టింది. మైకు సరిచేసిన అభిరామ్ పుట్టుపూర్వోత్తరాలు చెప్పింది. హౌగాంగ్ నుంచి వచ్చిన నూకాలమ్మ గారి గోంగూర పచ్చడికి ఒక్కదానికే చిన్న ప్రసంగం చేసింది. ఎవరూ లేవలేదు, ఎందుకంటే వాళ్ళ పేర్లింకా రాలేదు. వందన సమర్పణలో తన పేరు వినకుండా వెళ్ళిపోయే తెలుగువాడు ఇంకా పుట్టలేదు.

నా పక్కన కూర్చున్న ఆంటీ మనవరాలు చాందిని గొణిగింది. "అమ్మమ్మ స్టిల్ టాకింగ్ ఆ? టూ లాంగ్ లా!"

తిరుమలేష్ చివరికి లేచి వచ్చాడు. "ఆంటీ, కొంచెం త్వరగా..."

ఆంటీ మైకులోనే అంది. "అధ్యక్షులవారు తొందరపడుతున్నారు. వారి గురించి చెప్పాల్సింది చాలా ఉంది. అది చివర్లో, తీరిగ్గా చెబుతాను." అతను వెళ్ళి కాలర్ సర్దుకుని కూర్చున్నాడు.

ఆవిడ మోకాళ్ళ సంగతి నాకు తెలుసు. మెట్లు ఎక్కలేదు. గొంతు బొంగురుపోయింది, ఒక చెయ్యి బల్లని గట్టిగా పట్టుకుంది. ఆపేస్తుందేమోనని నాకు భయం వేసింది. అప్పుడు సాంబశివరావు అంకుల్ వేదికెక్కి గ్లాసు అందించారు. "సెనేటర్ గారూ, నీళ్ళు" అన్నారు. ఈసారి ఆ మాటలో వెక్కిరింత లేదు. నాకు ఏడుపొచ్చింది.

ఆంటీ నీళ్ళు తాగి, పాత అధ్యక్షులని ఒక్కొక్కరినే తలుచుకోవడం మొదలుపెట్టింది. మూడో ఆయన దగ్గర ఉండగా తలుపు తెరుచుకుంది. దానయ్యా, అతని వెనక యార్డు కుర్రాళ్ళూ, చెమటతో, బూట్లతో వచ్చేశారు.

"కూర్చోండి నాయనా, అవి మీకే చోప్ చేశాను" అంది ఆంటీ. అందరూ సర్దుకున్నాక తిరుమలేష్ వైపు తిరిగింది. "చివరిగా, మన సభ్యులంతా వచ్చేదాకా ఇంత ఓపిగ్గా ఆగినందుకు అధ్యక్షులవారికి ధన్యవాదాలు."

హాలు ఘొల్లున నవ్వింది. ఓటింగ్ జరిగింది. తీర్మానం చిత్తుగా ఓడిపోయింది. వెనక వరసలే కాదు, పొద్దుట్నుంచీ తిరుమలేష్ వెంట తిరిగిన నూకాలమ్మ గారు కూడా వ్యతిరేకంగా చెయ్యెత్తారు. ఇన్నేళ్ళలో ఆవిడ పచ్చడి తిన్నవాళ్ళే గాని, పేరు చెప్పినవాళ్ళు లేరు మరి.

అందరూ బిర్యానీ వైపు కదులుతుంటే దానయ్య వచ్చి మైకు అడిగాడు. ఎప్పుడూ మైకు పట్టినవాడు కాడు.

"అమ్మా, అందరి పేర్లూ సెప్పినారంట. మీ పేరు ఎవులూ సెప్పనేదు" అన్నాడు. "సుభద్రమ్మ గారికి..." అని మరి మాట రాక నమస్కారం పెట్టాడు.

కదిలినవాళ్ళు ఆగిపోయారు. కూర్చున్నవాళ్ళు లేచారు. హాలంతా నిలబడి చప్పట్లు కొడుతుంటే, దానయ్య తన కుర్చీ తెచ్చి వేదిక మీద వేశాడు. సెనేటర్ ఆంటీ అప్పుడు కూర్చుంది.