వరుస తప్పిన సాక్ష్యం

ఎనభైల్లో ఆర్మూర్‌లోని మా సంఘానికి ఇద్దరు బోధకులు. ఒకరు పాస్టరైన మా ఆయన. రెండోవారు మేమెన్నడూ చూడని జర్మనీ రచయిత. తెలుగులోకి వచ్చిన ఆయన భక్తి పుస్తకంలోంచే మా ఆయన ప్రసంగాలన్నీ పుట్టేవి. అది ఇంట్లో మరిచిపోయిన ఆదివారం పాటలు ఎక్కువ పాడించేవారు.

తొంభైల్లో కబురొచ్చింది. నమ్మినవాళ్ల సొమ్ము మింగినందుకు ఆ రచయితకు జైలుశిక్ష పడిందట.

"గా దొంగ పుస్తకం గుడిల కనవడొద్దు అయ్యగారూ," అన్నాడు సంఘపెద్ద. పసుపులో రంగు కలిపి అమ్మి తానూ జైలు చూసొచ్చినవాడే. ఏటా కోత పండుగకు ఆ కథే సాక్ష్యంగా చెప్పేవాడు. మేమూ ఏటా ఏడ్చేవాళ్లం.

"మీరు సుత పోయొచ్చినోళ్లే గదా?" అన్నారు మా ఆయన మెల్లగా.

"నేను ముందుగాల పాపం జేసిన, అటెన్క మారిన. గాయన ముందుగాల బోధ జేసి, అటెన్క పాపం జేసిండు. వరుస తప్పితే గది సాక్ష్యమెట్లయితది?"

అందరూ తలలూపారు. బైబిల్లో అపొస్తలుడు చెరసాలనుంచి రాసిన లేఖలను వారం వారం భక్తితో వినే మేము, జైలు మనిషి పుస్తకాన్ని బీరువాలో పెట్టి తాళం వేశాం.

ప్రసంగాలు చిక్కిపోయాయి. "అయ్యగారిల దేవుని అభిషేకం తగ్గింది, వేల్పూర్ పాస్టర్‌ను తెచ్చుకుందాం" అన్న గుసగుస మా వంటింటి దాకా వచ్చింది.

ఇంతలో జైలునుంచి వచ్చిన ఆ రచయిత తన పతనం గురించి రాసిన పుస్తకం తెలుగులో మాకు చేరింది. మా ఆయన చదువుతూ కళ్లు తుడుచుకున్నారు. "పేరున్న దినాలల్ల గింత నిజం రాయలేదే ఈయన," అన్నారు. రచయిత పేరు కనబడకుండా నేను అట్టకు వార్తాపత్రిక చుట్టి ఇచ్చాను.

కోత పండుగనాడు మక్క కంకుల, పసుపు కొమ్ముల మధ్య నిలబడి, "నమ్మినోళ్లను మోసం జేసి జైల్ల వడ్డ ఒక సహోదరుని మాటలు వినుండ్రి," అని చదవడం మొదలుపెట్టారు. పేరు చెప్పలేదు. ఆడవాళ్లు వెక్కుతూ సంఘపెద్ద వైపు తిరిగారు. ఆయన రుమాలు తీసి, సగం లేచి, అందరికీ చేతులు జోడించాడు.

ఆరాధన అయ్యాక సంఘపెద్ద మా ఆయన చేతులు పట్టుకున్నాడు. "నా సంగతి నాకంటె మంచిగ జెప్పిండ్రు అయ్యగారూ! వేల్పూర్ పాస్టర్ మనకెందుకు?"

మా ఆయన ఏదో చెప్పబోయారు. నేను పక్కనుంచి "ఆమేన్" అన్నాను.

జర్మనీలో ఆ పుస్తకాన్ని ఎవరైనా కొన్నారో లేదో తెలియదు. మా ఊళ్లో మాత్రం ఆ రచయిత మళ్లీ బోధకుడయ్యాడు, సంఘపెద్ద ముఖంతో. దేవుడు ఎవరిని ఎలా లేవనెత్తుతాడో మనకేం తెలుసు?