ఉంచుకోవడానికా, అమ్మడానికా

కొత్తది ఏది కంటబడినా సూర్యప్రకాశం గారు అడిగే ప్రశ్న ఒకటే: "ఇది ఉంచుకోవడానికాండీ, అమ్మడానికాండీ?" జవాబు వచ్చేదాకా కాఫీ అయినా ముట్టరు.

జంగారెడ్డిగూడెం దగ్గర దొరబాబు గారి పామాయిల్ మిల్లుకు ఆయనే అకౌంట్స్ ఆఫీసరు. దొరబాబు గారేమీ తక్కువ మనిషి కాదు. ఊరి బడిలో ఐదో తరగతి చదివి, రేకుల షెడ్డులో మొదలుపెట్టి, ఊళ్ళోకెల్లా పెద్ద మిల్లు నిలబెట్టారు. ఆ సంగతి తానే చెప్పుకోవలసి వచ్చినా మొహమాటపడరు. అంతటివారూ ఈ ప్రశ్న ముందు బడిపిల్లాడైపోయేవారు.

ఓసారి ఆయన గేదెను కొన్నారు. పాలకోసమేనని చెప్పగానే సూర్యప్రకాశం గారు తీర్పిచ్చేశారు. "అయితే సంతలో దాని రేటు అడక్కండి. అమ్మే సరుక్కే రోజూ రేటు చూడాలి." మొదటిరోజు చెప్పిన మాట తర్వాత మార్చకూడదని కూడా షరతు పెట్టారు.

ఇంట్లోనూ అంతే. భార్య అమ్మాజీ పట్టుచీర కొనుక్కొస్తే అదే ప్రశ్న. ఆవిడ చీర మడత పెడుతూ, "మిమ్మల్ని చేసుకున్నరోజు నన్నెవరూ ఇలా అడగలేదండి. అడిగుంటే ఆలోచించుకునేదాన్ని" అంది.

ఈ ఏడు చిక్కొచ్చిపడింది. నూకరత్నం నడిపే ఆయిల్‌పామ్ మొక్కల కంపెనీలో దొరబాబు గారికి చాలా వాటాలున్నాయి. వాటి ధర సగానికి పడింది. రాజమండ్రి ఆసామి ఒకాయన ఆ వాటాలు కొని, నర్సరీ మూసేసి, ప్లాట్లు వేస్తానని వచ్చాడు. తన లాభాన్ని ఆ మొక్కలే తినేస్తున్నాయని దొరబాబు గారు మండిపడి, ఇచ్చేస్తానన్నారు. అక్కడ నీళ్ళు పోసే ఆడవాళ్ళకు వేరే పని లేదు. నూకరత్నం ఆఫీసుకొచ్చి, కూర్చోమన్నా కూర్చోకుండా నిలబడింది.

"మీ లాభంలోంచి పైసా పోలేదండి" అన్నారు సూర్యప్రకాశం గారు. "కొన్నరోజు అడిగాను. ఉంచుకోవడానికేనన్నారు. అలాంటి వాటాల ధరలో ఎగుడుదిగుళ్ళు మిల్లు లాభంలో కలపకుండా, లెక్కల్లో పక్కన చూపించుకోవచ్చు. కాకపోతే ఆ నిర్ణయం మొదటిరోజే చేయాలి, ఇక మార్చడానికి లేదు. చేసేశాను."

"ఎందుకు చేశావయ్యా?"

ఆయన కళ్ళజోడు తుడుచుకున్నారు. "మీ కోపం నాకు తెలుసు కదండీ. లాభం తగ్గినట్టు కనబడిన మొదటి ఏడే అమ్మేసేవారు. వీళ్ళంతా ఎక్కడికి పోతారండీ?"

దొరబాబు గారు రాజమండ్రికి ఫోన్ చేసి, అమ్మడం లేదన్నారు. ఫోన్ పెట్టేసి, నూకరత్నం వైపు తిరిగారు.

"చూశావా అమ్మా, ఇలా అవుతుందని నేను ఆ రోజే ఊహించాను. ఈయనచేత అలా రాయించింది నేనే."

నూకరత్నం సూర్యప్రకాశం గారి వైపు చూసింది.

"అవునమ్మా" అన్నారాయన, "ఆలోచనంతా వారిదే."